కొలువు కోసం కోర్టుకు – 3వ పాఠం: తేదీల పట్టిక

పోయిన పాఠంలో నోటిఫికేషన్‌ను పేరా పేరాగా చదవడం చూశాం. ఇవాళ్టి పని ఒక్కటే: తేదీల పట్టిక రాయడం. లాయరు దగ్గరికి వెళ్లేసరికి ఇది మీ చేతిలో ఉండాలి. "అన్యాయం జరిగింది సార్" అన్నంత మాత్రాన రిట్ పిటిషన్ (ప్రభుత్వ నిర్ణయం చెల్లదంటూ హైకోర్టులో వేసే దావా) నిలబడదు. ఏ రోజు ఏ నిబంధన ఉంది, ఏ రోజు అది మారింది అన్నదాన్ని కాగితంతో చూపించాలి.

ఎందుకో మన దగ్గరే పుట్టిన కేసుతో చెబుతాను. 2004లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో జిల్లా జడ్జి పోస్టులకు నోటిఫికేషన్ పడింది. రాత పరీక్షకు కనీస మార్కులు ఉన్నాయి, ఇంటర్వ్యూకు లేవు. పరీక్ష జరిగింది, ఇంటర్వ్యూలూ ముగిశాయి. అప్పుడు ఇంటర్వ్యూలోనూ కనీస మార్కులు రావాల్సిందే అన్నారు. దాంతో ముందు జాబితాలో ఉన్న కొందరు తర్వాతి జాబితాలో లేకుండా పోయారు. మంజుశ్రీ కేసుగా మనమంతా చెప్పుకునే ఆ వివాదంలో 2008లో సుప్రీంకోర్టు ఆ మార్పు చెల్లదంది. ఆట అయిపోయాక రూలు మార్చడమేనంది. ఎంపిక చేసింది సాక్షాత్తూ హైకోర్టే అయినా సరే!

2024 నవంబర్ 7న తేజ్ ప్రకాశ్ పాఠక్ కేసులో ఐదుగురు జడ్జీల ధర్మాసనం ఈ మాటనే ఇంకాస్త విడమరిచింది. మార్చుకునే వీలు రూల్స్‌లో ముందే ఉంటే తప్ప, లేదా రూల్స్‌కు విరుద్ధం కాకుండా నోటిఫికేషన్‌లో ఉంటే తప్ప, అర్హతలను మధ్యలో మార్చకూడదు. కటాఫ్ సంగతి వేరు. రూల్స్ అడ్డు చెప్పనప్పుడు ఒక్కో దశకూ కనీస మార్కులు పెట్టుకోవచ్చు, కానీ ఆ దశకు చేరకముందే పెట్టాలి. అందుకే నోటిఫికేషన్ తేదీ ఒక్కటే రాసుకుంటే చాలదు, ప్రతి దశ మొదలైన రోజూ రాయాలి.

ఆ మధ్య ఒకమ్మాయి సంచి నిండా కాగితాలతో వచ్చింది. హాల్ టికెట్, మార్కుల మెమో, కులం సర్టిఫికెట్ అన్నీ ఉన్నాయి. అసలు కావలసిన, నిబంధన మార్చిన వెబ్ నోట్ (నియామక సంస్థ తన సైట్‌లో పెట్టే ప్రకటన) మాత్రం ఫోన్‌లో స్క్రీన్‌షాట్‌గా ఉంది. పైన 4:17 అని టైమ్ కనిపిస్తోంది, తేదీ లేదు. సైట్‌లో చూస్తే ఆ నోట్ తీసేసి వేరేది పెట్టారు. "జూన్‌లో అనుకుంటానండీ" అంది. గంటసేపు వెతికితే, కోచింగ్ వాట్సాప్ గ్రూపులో ఎవరో అదే పీడీఎఫ్ పంపిన మెసేజ్ దొరికింది, తేదీతో సహా. సర్టిఫికెట్ వెరిఫికేషన్ అయిపోయిన రెండు రోజులకు వచ్చిన నోట్ అది. ఆ రెండు రోజులే ఆమె కేసు. అందుకే చెబుతున్నాను, వెబ్ నోట్ కనపడగానే పీడీఎఫ్ దించుకోండి, మీ మెయిల్‌కు మీరే పంపుకోండి.

ఇప్పుడు తెల్లకాగితం మీద నాలుగు గడులు గీయండి: తేదీ, ఏం జరిగింది, ఏ కాగితం చెబుతోంది, నాకెప్పుడు తెలిసింది. మూడో గడి ఖాళీగా ఉన్నచోట సమాచార హక్కు దరఖాస్తు పెట్టాలి. ఫీజు 10 రూపాయలు, జవాబుకు గడువు 30 రోజులు.

అందరూ వదిలేసేది నాలుగో గడిని. ప్రభుత్వం తరఫు వకీలు మొదట పట్టుకునేది దాన్నే. తప్పు తెలిసి కూడా నోరెత్తకుండా ఇంటర్వ్యూకు కూర్చుని, ఫలితం ప్రతికూలంగా వచ్చాక ఆ పద్ధతే తప్పంటే కోర్టు సాధారణంగా వినదు. అలాంటప్పుడు 1995 నాటి మదన్‌లాల్ తీర్పు మీకు ఎదురుగా నిలబడుతుంది. కాబట్టి తెలిసిన రోజే అభ్యంతరం రాసి, స్పీడ్ పోస్టులో పంపి, రసీదు దాచండి. రిట్‌కు ఇన్ని రోజులే అన్న గడువు చట్టంలో లేదు గానీ ఆలస్యానికి కారణం చెప్పాలి. వినతిపత్రాల మీద వినతిపత్రాలు పెడుతూ కూర్చుంటే ఆ కాలం మీ ఖాతాలోనే పడుతుంది. కేంద్ర సర్వీసు పోస్టులైతే హైదరాబాద్‌లోని క్యాట్‌కు (కేంద్ర ఉద్యోగ వివాదాలు వినే పరిపాలనా ట్రిబ్యునల్) వెళ్లాలి. అక్కడ మామూలుగా ఏడాదే గడువు. రాష్ట్ర పోస్టులకు అలాంటి ట్రిబ్యునళ్లు లేవు కాబట్టి రెండు రాష్ట్రాల వాళ్లూ నేరుగా హైకోర్టుకే వెళ్తున్నారు.

గెలిచినా ఆర్డరు కాపీతో పాటే ఉద్యోగం వస్తుందనుకోకండి. జాబితాలో పేరున్నంత మాత్రాన నియామకం హక్కు కాదని శంకర్సన్ దాస్ కేసులో 1991లోనే తేల్చారు. మళ్లీ పరిశీలించమని ఆదేశించడమే ఎక్కువగా జరుగుతుంది. ఎంపికైనవాళ్లను ప్రతివాదులుగా ఎలా చేర్చాలో నాలుగో పాఠంలో చూద్దాం.

అభ్యాసం: నోటిఫికేషన్ మార్చి 4. రాత పరీక్ష జూన్ 16. ఇంటర్వ్యూలు జూలై 20న మొదలయ్యాయి. ఇంటర్వ్యూలో 40 శాతం తప్పనిసరి అంటూ జూలై 22న వెబ్ నోట్. మన అభ్యర్థి ఇంటర్వ్యూ జూలై 25. ఫలితం ఆగస్టు 30. వీటిని నాలుగు గడుల్లో నింపండి. అభ్యర్థికి బలాన్నిచ్చే రెండు తేదీలు ఏవి? ఆయన్ను ఇరకాటంలో పెట్టే తేదీ ఏది? జూలై 22కూ 25కూ మధ్య ఆయన ఏం రాసి, ఎవరికి పంపి ఉండాల్సింది? ఆ ఉత్తరం కూడా మీరే రాసి చూడండి, పది వరుసలు మించకుండా.