కెమెరా డిపార్ట్‌మెంట్ నుంచి డైరెక్షన్‌లోకి

ఫోకస్ పుల్లర్‌గానో (షాట్‌లో ఫోకస్ సరిచేసే అసిస్టెంట్) అసోసియేట్ కెమెరామన్‌గానో ఏళ్ల తరబడి సెట్లో ఉన్నవాళ్లకి లెన్సులు, లైటింగ్, ఏ షాట్‌కి ఎంత టైమ్ పడుతుందన్న అంచనా బాగా తెలుసు. తక్కువ పడేది నటులతో పనిచేసిన అనుభవం. టేక్ నడుస్తుంటే కన్ను హెడ్‌రూమ్ (ఫ్రేములో తలపైన వదిలే ఖాళీ) మీదకి, ఫ్లేర్ (లెన్సులో పడే వెలుగు మచ్చ) మీదకి పోతుంది. డైలాగ్ చప్పగా పడిన సంగతి ఎడిటింగ్‌లో బయటపడుతుంది.

అందుకే డైరెక్టర్‌గా మీరు తీసే మొదటి షార్ట్ ఫిల్మ్‌కి కెమెరా ఇంకొకరికి అప్పగించండి. కెమెరామన్‌గా పేరు తెచ్చుకున్న తేజ 2000లో ‘చిత్రం’తో దర్శకుడైనప్పుడు కెమెరా రసూల్ ఎల్లోర్ చూసుకున్నారు. ఆ రసూలే 2003లో ‘ఒకరికి ఒకరు’ డైరెక్ట్ చేశారు.

పది పేజీల స్క్రిప్టు, ఇద్దరు ముగ్గురు నటులు, ఒకే ఇల్లు, రెండు రోజుల షూటింగ్ చాలు. రోజుకి 15 నుంచి 20 షాట్లకి మించి రాసుకోవద్దు. మించితే సాయంత్రం సీన్లు హడావిడిగా తీయాల్సి వస్తుంది, ముఖ్యమైన క్లోజప్పే ఎగిరిపోతుంది.

షూటింగ్‌కి ముందు కెమెరా లేకుండా కనీసం రెండు పూటలు రిహార్సల్ పెట్టండి. తమ్ముడు అన్నని డబ్బు అడిగే సీన్ అనుకోండి. “ఇంకాస్త బాధగా చెప్పు” అంటే నటుడు గొంతు వణికిస్తాడు, అంతే. “అన్నయ్య లేచి వెళ్లిపోబోతున్నాడు, నువ్వు ఆపాలి” అని చెప్పి చూడండి. చూపు, చేతులు, మాట వేగం అన్నీ వాటంతటవే మారతాయి.

సెట్లో ముందు మాస్టర్ షాట్‌లో, అంటే అందరూ కనిపించే వైడ్ షాట్‌లో, సీన్ మొత్తం తీయండి. తర్వాత ఒక నటుడి వైపు సజెషన్లు (ఎదుటివాళ్ల భుజం మీంచి తీసే షాట్లు), క్లోజప్‌లు పూర్తిచేసి, అప్పుడు రెండో నటుడి వైపుకి లైట్లు తిప్పండి. ఏడుపు సీనైతే ఆ నటుడి వైపు ముందు పెట్టుకోండి. నాలుగైదు గంటలు అవతలివాళ్లకి డైలాగ్ అందించాక ఆ తడి మిగలదు. ఫ్యాన్, ఫ్రిజ్ ఆపించి, ప్రతి గదిలో 30 సెకన్ల ఖాళీ సౌండ్ (ఎవరూ మాట్లాడనప్పటి శబ్దం) రికార్డు చేయించండి. అది లేకపోతే ఎడిటింగ్‌లో కట్ కట్‌కీ బ్యాక్‌గ్రౌండ్ మారినట్టు వినిపిస్తుంది.

ఎడిటింగ్‌లో కెమెరావాళ్లకి కష్టమైన పని అందమైన షాట్‌ని తీసేయడం. ఆ షాట్ లేకుండా సీన్ అర్థమవుతుంటే తీసేయించండి.

తర్వాత సినిమా కోసం నిర్మాతకి నెరేషన్ ఇచ్చేటప్పుడు, అంటే కథ వినిపించేటప్పుడు, “క్రేన్ మీంచి దిగుతాం” అని మొదలుపెట్టొద్దు. హీరోకి ఏం కావాలి, అడ్డు ఎవరు అన్నది ముందు చెప్పాలి. రెండు నిమిషాలది, ఇరవై నిమిషాలది, రెండు గంటలది, మూడూ సిద్ధంగా ఉంచుకోండి. బౌండ్ స్క్రిప్టుని (డైలాగులతో సహా పూర్తయిన స్క్రిప్టు) రచయితల సంఘంలో రిజిస్టర్ చేయించాకే బయట వినిపించండి. ముంబైలోని స్క్రీన్‌రైటర్స్ అసోసియేషన్ సభ్యులు ఆన్‌లైన్‌లోనే చేసుకోవచ్చు.