ప్రయాణంలో టీ, వైన్, బయటి భోజనం: బయల్దేరే ముందు ఇవి చూసుకోండి

టీ లేనిదే తెల్లారని వాళ్ళు ముందు టీ ఆకు సంగతి చూసుకోండి. గాలి చొరబడని చిన్న డబ్బాలో పెట్టుకుని, సబ్బులకీ సెంటుకీ దూరంగా సర్దండి, ఎందుకంటే ఆకు వాసన ఇట్టే పట్టేస్తుంది. ఓసారి మంచి ఆకంతా సబ్బు వాసన కొట్టి పారేయాల్సి వచ్చింది, ఇప్పటికీ ప్రాణం ఉసూరుమంటుంది. గదిలో కెటిల్ ఉంటే మొదట ఒకసారి నీళ్ళు మరగబెట్టి పారబోయండి. గ్రీన్ టీ అయితే సలసల కాగే నీళ్ళు పోయొద్దు, చేదెక్కుతుంది. మూత తీసి కాసేపు ఆగి, 70–80 డిగ్రీలకి దిగాక పోస్తే ఆ లేత పచ్చి పరిమళం కప్పు మీంచి తేలుతూ వస్తుంది, దానికోసం ఎంతసేపైనా ఆగొచ్చు.

వైన్ సీసా విమానంలో తెచ్చుకోవాలంటే చాలా చోట్ల చేతి బ్యాగులో 100 మిల్లీలీటర్లు దాటితే ఒప్పుకోరు. కవర్లో చుట్టి పెద్ద పెట్టెలో బట్టల మధ్య పెట్టండి.

నిద్రమాత్రలు గానీ మెట్రోనిడజోల్ అనే యాంటీబయాటిక్ గానీ వాడుతుంటే వైన్ ముట్టుకోవద్దు. బండి నడిపే రోజు అసలే వద్దు.

భోజనానికి జనం కదులుతున్న చోటు చూసుకుని, పొగలు కక్కుతూ వచ్చేదే తినండి. నీళ్ళ మీద నమ్మకం లేకపోతే ఐస్ కూడా వద్దు, అదీ ఆ నీళ్ళే కదా. అలర్జీ ఉంటే ఏం పడదో అక్కడి భాషలో చీటీ రాయించుకోండి, సైగలతో అయ్యే పని కాదు. రెండు ఓఆర్‌ఎస్ ప్యాకెట్లు బ్యాగులో పడేసుకోండి.