రేయాంశ్ అంటే ఏమిటి? బిడ్డ పేరుకు అర్థం, పుట్టుక ఎలా వెతకాలి?

బారసాల నాడు పళ్లెంలో బియ్యం పోసి ఉంగరంతో రాసే పేరు ఈమధ్య చాలా ఇళ్లలో ఫోన్‌లోంచి వస్తోంది. భీమేశ్వరరావు, మాణిక్యాంబ, సత్యవతి అన్న పేర్లకు గోదావరి జిల్లాల్లో ఎవరూ అర్థం వెతకరు. ద్రాక్షారామం, అన్నవరం తెలిసినవాళ్లకు ఆ పేర్లూ తెలుసు. రేయాంశ్, శాన్వి, ఆరవ్ అలా కాదు. పైగా పేర్ల సైట్లు ఒకదాన్ని చూసి ఒకటి రాసుకుంటాయి. పది చోట్ల ఒకే అర్థం కనబడినా అది ఒక్క సాక్ష్యం కిందే లెక్క.

సొంతంగా తేల్చుకోవడానికి ఒక సాయంత్రం సరిపోతుంది. ఇక్కడ రేయాంశ్‌ని తీసుకుని చూపిస్తున్నాం. ‘సూర్యకాంతిలో భాగం’, ‘విష్ణువు అంశ’ అని దానికి అర్థాలు చెలామణిలో ఉన్నాయి.

1. అక్షరం పట్టింపు ఎంతో ముందే తేల్చుకోండి

అరుదైన పేర్లు చాలావరకు అక్షరం కోసం వెతికే వెతుకులాటలో దొరికేవే. బిడ్డ పుట్టిన నక్షత్రపాదాన్ని బట్టి పేరు మొదటి అక్షరం చెబుతారు: 27 నక్షత్రాలు, ఒక్కోదానికి 4 పాదాలు, మొత్తం 108. స్వాతికి రూ, రే, రో, తా. బిడ్డ రెండో పాదంలో పుడితే ‘రే’ రావాలి. ఆ అక్షరంతో మగపిల్లల పేర్లు తక్కువ కాబట్టి రేయాంశ్ దగ్గర చూపు ఆగుతుంది. ఆరుద్ర మూడో పాదానికి ఙ, హస్త మూడో పాదానికి ణ చెబుతారు. వాటితో మొదలయ్యే పేరు తేవడం ఎవరి తరమూ కాదు. అలాంటప్పుడు అదే నక్షత్రంలో పక్క పాదం అక్షరం తీసుకోమనే పురోహితులున్నారు. జన్మనామం వేరే పెట్టి, పిలుపు పేరు మీ ఇష్టానికి వదిలేసేవాళ్లూ ఉన్నారు. మీ పురోహితుణ్ణి ముందే అడగండి. రో, తా కూడా పరవాలేదంటే రోహిత్, తారక్ లాంటి తెలిసిన పేర్లు చేతికొస్తాయి.

2. పేరును తెలుగు అక్షరాల్లో రాయండి

ఇంగ్లిషు స్పెల్లింగుతో వెతికితే దీర్ఘాలు, ఒత్తులు కలగాపులగమైపోతాయి. ఎక్కువ తప్పులు జరిగేది ఇక్కడే. ఆరవ్ అంటే ‘ప్రశాంతమైనవాడు’ అని రాస్తారు. కానీ రవం అంటే ధ్వని, ఆరవం అన్నా ధ్వనే, అరుపే. సద్దు లేదనే అర్థం రావాలంటే మొదట హ్రస్వం ఉండాలి. అప్పుడది ‘అరవ’ అవుతుంది, మన ఊళ్లలో ఆ మాటకు తమిళం అని అర్థం. ఆద్య అంటే మొదటిది, ఆఢ్య అంటే కలిగినది. ఆధ్య అని రాస్తే రెండూ కాకుండా పోతుంది. నక్షత్రం పేరు ధ్రువ, ధృవ కాదు. మంచు అర్థం వచ్చేది నీహారిక, నిహారిక కాదు.

3. చివరి పొల్లు తీసి మూలరూపం కట్టండి

తెలుగు మాటలు అచ్చుతో ముగుస్తాయి. ఈ పేర్ల చివరి పొల్లు ఎక్కువగా హిందీ ఉచ్చారణ వల్ల వచ్చింది. రేయాంశ్‌ని ‘రేయాంశ’ చేయండి. తెలుగు నిఘంటువుల్లో సంస్కృత పదాలకు ము, డు, వు చేరుతాయి కాబట్టి ‘ఆరవము’, ‘రేవంతుడు’ అన్న రూపాల్లో వెతకండి. లేకపోతే ఉన్న మాట కూడా లేదనిపిస్తుంది.

4. ముక్కలు చేయండి

రేయాంశ = రేయ + అంశ. సవర్ణదీర్ఘసంధి, కలపడంలో తప్పేమీ లేదు. అంశ అంటే భాగం, ఇదీ నిజమే. చిక్కంతా ‘రేయ’ దగ్గరే. ఆ రూపంతో సూర్యుడనో, కిరణమనో అర్థమిచ్చే సంస్కృత పదం లేదు. కిరణానికి రశ్మి ఉంది, కాని దాన్ని అంశతో కలిపితే ‘రశ్మ్యంశ’ అవుతుంది. రవితో కలిపితే ‘రవ్యంశ’. సూర్యుడి అంశ అనే చెప్పదలిస్తే ‘సూర్యాంశ’ సాఫీగా ఉంది.

దగ్గరగా వినిపించే అసలు పేరు శ్రేయాంస్. జైనుల 11వ తీర్థంకరుడు శ్రేయాంసనాథుడు. అది ‘శ్రేయస్’ శబ్దానికి చెందిన రూపం, మేలైనవాడని అర్థం. చివర స ఉంటుంది, శ కాదు. అంశకూ దానికీ చుట్టరికం లేదు.

‘వి’తో ముగిసే ఆడపిల్లల పేర్లను కూడా ఇలాగే విడదీసి చూడండి. తన్వి గట్టి పేరు: తను శబ్దానికి స్త్రీ రూపం, సన్నని మేను గలది. జాహ్నవి జహ్నువు కూతురు, గంగ. శాన్విని ఇలా ఏ మూలపదానికీ కట్టలేం. లక్ష్మీదేవి పేరని చెబుతారు గనుక లక్ష్మీ అష్టోత్తరం తెరిచి 108 నామాలూ చదవండి, ఐదు నిమిషాల పని. అందులో లేదు.

అరుదుగా ఉండాలి, అర్థమూ ఉండాలి అనుకునేవాళ్లు గోదావరి పాయల పేర్లు చూడకపోవడం మాకు బాధగా ఉంటుంది. పి.గన్నవరం అక్విడక్టు కింద పారే వైనతేయ అంటే వినత కొడుకు, గరుత్మంతుడు. ఆత్రేయ అత్రి వంశంవాడు. మూలపదంలో మొదటి అచ్చు పెరిగి (వి ‘వై’ అయి, అ ‘ఆ’ అయి) ‘ఏయ’ చేరింది. ఇలా పుట్టుక విప్పి చూపించగల పేరుకు అనుమానం ఉండదు.

5. కనీసం రెండు నిఘంటువుల్లో చూడండి

తెలుగుకు శబ్దరత్నాకరం (1885), సూర్యరాయాంధ్ర నిఘంటువు మంచివి. రెండోది మన పిఠాపురం రాజావారి పోషణలో తయారైంది. తొలి సంపుటం 1936లో వచ్చింది. రెండూ ఆంధ్రభారతి సైట్‌లో ఉచితంగా వెతకొచ్చు. పుస్తకమే పట్టుకుని చూడాలంటే రాజమహేంద్రవరం గౌతమీ గ్రంథాలయం లాంటి పాత గ్రంథాలయంలో అడగండి. సంస్కృతానికి ఆప్టే, మోనియర్ విలియమ్స్ (1899) నిఘంటువులు. మోనియర్ విలియమ్స్‌లో అర్థం పక్కన ‘ఎల్’ అక్షరం ఉంటే, ఆ అర్థం కోశాల్లో చెప్పిందేగాని కావ్యాల్లో ప్రయోగం దొరకలేదన్నమాట.

6. వేరే భాషదేమో చూడండి

సంస్కృతంలో దొరకని ప్రతిదీ కల్పన కాదు. కియారా ఇటలీ పేరు. ‘తేట, వెలుగు’ అనే లాటిన్ మాట క్లారా నుంచి వచ్చింది. దాదాపు అదే స్పెల్లింగుతో ఐర్లండ్‌లో ఇంకో పేరుంది, పలికేది కీరా అని, అర్థం నల్లనిది. సైట్లు ఈ రెంటినీ ఒకే గంపలో వేస్తాయి.

7. తెలుగు చెవికి ఏమని వినిపిస్తుంది?

రేయాంశ్‌కి ఇదే అసలు పరీక్ష. తెలుగులో రే, రేయి అంటే రాత్రి. రేఱేడు చంద్రుడు, రేరాణి రాత్రి పూసే పువ్వు. సూర్యకాంతి అని పెట్టిన పేరు అమ్మమ్మ చెవికి రాత్రిలో ముక్కగా వినిపిస్తుంది. పోనీ చంద్రుడనే అనుకుందామన్నా, తెలుగు మాటకు సంస్కృత పదం అతికితే వైరిసమాసం, అంటే పొసగని కలయిక, అంటారు. ‘రే’ తప్పదు, సూర్యుడూ కావాలి అంటే రేవంత్ ఉంది: రేవంతుడు సూర్యుడికీ సంజ్ఞాదేవికీ పుట్టినవాడు, గుర్రపుస్వారీలో మేటి. ఆడపిల్లకైతే రేవ, అంటే నర్మదానది. ఇవన్నీ తెలిసి కూడా రేయాంశ్ శబ్దమే నచ్చితే పెట్టుకోండి, తప్పు లేదు. బిడ్డకు మాత్రం ‘ఇది కొత్తగా కట్టిన పేరు’ అని నిజం చెప్పండి.

8. నమోదుకు తొందరపడకండి

జననం 21 రోజుల్లోగా నమోదు కావాలి, పేరు అప్పటికి తేలకపోయినా పరవాలేదు. పేరు లేకుండా నమోదు చేయించి, 12 నెలల్లోగా రుసుము లేకుండా చేర్పించవచ్చు. ఆ తర్వాత 15 ఏళ్ల వరకు ఆలస్య రుసుముతో. 2023 అక్టోబరు 1న గాని ఆ తర్వాత గాని పుట్టిన పిల్లలకు బడిలో చేరడం నుంచి పాస్‌పోర్టు దాకా జనన ధ్రువపత్రమే ఆధారం. అందుకే పంచాయతీకి గాని మున్సిపాలిటీకి గాని వెళ్లేటప్పుడు పేరును తెలుగులోను, ఇంగ్లిషు స్పెల్లింగులోను కాగితం మీద విడివిడి అక్షరాలతో రాసి ఇవ్వండి. నోటితో చెబితే శ కాస్తా స, ష అయిపోతుంది. పత్రం చేతికి రాగానే అక్కడే నిలబడి దీర్ఘం, ఒత్తు, చివరి అక్షరం సరిచూసుకోండి.