బ్లూబెర్రీ గ్రంట్ ఎక్కడ చెడింది? లక్షణం, కారణం, సవరణ

పండ్లను పంచదారతో ఉడికించి, ఆ రసం కుతకుతలాడుతుండగా పైన మెత్తటి పిండి ముద్దలు వేసి, మూత బిగించి, ఆవిరి మీద ఉడకనిచ్చే తీపి వంటకం గ్రంట్. అమెరికాలోని న్యూ ఇంగ్లండ్ ప్రాంతంలోను, కెనడాలోని నోవా స్కోషియాలోను ఇది పాతకాలం నుంచి వస్తున్న ఇంటి వంట. మసాచుసెట్స్‌లో గ్రంట్ అంటే, వెర్మాంట్, రోడ్ ఐలండ్ వైపు స్లంప్ అంటారు. ఓవెన్ అక్కర్లేదు, పిండి ఒత్తే పని లేదు, అరగంటలో అయిపోతుంది. అయినా చాలామందికి మొదటిసారి పాడవుతుంది. చెడేదంతా దాదాపు ఒక్క చోటే: ముద్దలు రసంలో పడే క్షణం, ఆ తర్వాత మూత కింద గడిచే పదిహేను నిమిషాలు. కింద చెప్పిన లోపాల్లో ఎక్కువ భాగం చివరికి అక్కడికే చేరతాయి.

తప్పు ఎక్కడుందో తేల్చాలంటే ముందు కొలత సరిగా ఉండాలి. ఆరుగురికి సరిపడా లెక్క ఇది.

పండ్లకు: బ్లూబెర్రీలు 600 గ్రాములు, పంచదార 100 గ్రాములు, నీళ్లు 120 మి.లీ., నిమ్మరసం ఒక టేబుల్‌స్పూను, చిటికెడు ఉప్పు.

ముద్దలకు: మైదా 130 గ్రాములు, బేకింగ్ పౌడర్ ఒకటిన్నర టీస్పూన్లు, పంచదార ఒక టేబుల్‌స్పూను, ఉప్పు పావు టీస్పూను, చల్లటి వెన్న 30 గ్రాములు, పాలు 100 నుంచి 110 మి.లీ.

గిన్నె 25 సెం.మీ. వెడల్పు, కనీసం 7 సెం.మీ. లోతు ఉండాలి. మూత గట్టిగా పట్టాలి. పండ్లు, పంచదార, నీళ్లు, నిమ్మరసం, ఉప్పు కలిపి మూత లేకుండా ఎనిమిది నిమిషాలు ఉడికించాలి. ఈలోగా మైదాలో పొడి దినుసులన్నీ కలిపి, వెన్నను వేళ్లతో నలిపి రవ్వలా చేసి పెట్టుకోవాలి. ఆఖర్న పాలు పోసి కలిపి, ఎనిమిది ముద్దలుగా రసం మీద వేసి, మూత పెట్టి, మంట మధ్యస్థానికి కాస్త తక్కువగా ఉంచి పదిహేను నిమిషాలు ఆగాలి.

ముద్దల పైభాగం బాగుంది, అడుగు జిగురుగా ఉంది

అందరికీ ఎదురయ్యే లోపం ఇదే. దీనికి నాలుగు కారణాలు ఉండొచ్చు, ఏది మీదో గుర్తుపట్టడం తేలికే.

మొదటిది, రసం సరిగా మరగకముందే ముద్దలు వేయడం. వేడి తగలగానే పిండి గట్టిపడి పైన పొర కట్టాలి. రసం గోరువెచ్చగా ఉంటే ఆ పొర ఏర్పడేలోగా పిండి రసాన్ని పీల్చేసుకుంటుంది, ఆ తర్వాత ఎంతసేపు ఉడికించినా జిగురు పోదు. గిన్నె అంచుల్లో మాత్రమే బుడగలు వస్తుంటే ఇంకా సమయం కాలేదని అర్థం. నడిమధ్యలో కూడా బుడగలు పెద్దవిగా లేచి పగులుతూ ఉండాలి. ఎనిమిది ముద్దలూ ఒక్క నిమిషంలో పడిపోవాలి. నెమ్మదిగా వేస్తే చల్లటి పిండికి రసం వేడి పడిపోతుంది.

రెండోది, రసం ఎక్కువ కావడం. ముద్ద పండ్ల మీద కూర్చోవాలి, నీళ్లలో తేలకూడదు. ఎనిమిది నిమిషాలు ఉడికాక గరిటె పక్కకు జరిపి చూడండి. పండ్లు రసం పైకి గుట్టలుగా కనిపిస్తే సరే. అన్నీ మునిగిపోయి ఉంటే మూత లేకుండా ఇంకో నాలుగైదు నిమిషాలు మరిగించండి.

మూడోది, మూత నుంచి కారే నీళ్లు. దీని గుర్తు వేరు: జిగురు అడుగున కాక పైన, నాణెమంత తడి మచ్చల్లా ఉంటుంది. పల్చటి శుభ్రమైన నూలు గుడ్డను మూతకు లోపలివైపు పరిచి, నాలుగు కొనలూ పైకి లాగి పిడి దగ్గర ముడి వేస్తే ఆవిరి నీటిని గుడ్డే పీల్చుకుంటుంది. కొనలు కిందికి వేలాడితే మంట అంటుకుంటుంది, ముడి వేయకుండా వదలొద్దు.

నాలుగోది, ముద్దల్ని ఇరికించడం. అవి దాదాపు రెట్టింపు అవుతాయి. మధ్యలో రెండు సెం.మీ. ఖాళీ లేకపోతే పక్కలకు ఆవిరి తగలదు.

అయితే ముద్ద అడుగున అర సెం.మీ. మందాన ఊదారంగులో తడిగా ఉండటం లోపం కాదు, ఈ వంటకం రుచి అక్కడే ఉంది. అంతకు మించి ముద్దగా అయిందంటేనే దిద్దుకోవాలి. వండేశాక బయటపడితే మూత తీసి, సన్నటి మంట మీద మూడు నాలుగు నిమిషాలు ఉంచి, ఆ తర్వాత పది నిమిషాలు కదపకుండా వదిలేయండి. పూర్తిగా బాగుపడదు గాని తినడానికి బాగుంటుంది.

లోపల పచ్చిపిండి

ముద్ద పెద్దదైనా కావచ్చు, మధ్యలో మూత తీసైనా ఉండొచ్చు. పై కొలతకు ఒక్కో ముద్ద సుమారు 35 గ్రాములు, అంటే గుండ్రంగా నిండిన ఒక టేబుల్‌స్పూను అవుతుంది. మూత ఒక్కసారి తీస్తే లోపలున్న ఆవిరంతా పోతుంది, మళ్లీ నిండటానికి రెండు మూడు నిమిషాలు పడుతుంది, ఈలోగా పొంగిన ముద్ద కుంగిపోతుంది. చూడకుండా ఉండలేనివాళ్లు గాజు మూత వాడుకోవడం మంచిది.

పదిహేను నిమిషాలయ్యాక మధ్యలో ఉన్న ముద్దలో సన్నటి పుల్ల గుచ్చండి. తడిపిండి అంటకుండా రావాలి. థర్మామీటర్ ఉంటే ముద్ద నడుమ 93 డిగ్రీల సెల్సియస్ దాటాలి. పచ్చిగా ఉంటే మూత మళ్లీ పెట్టి ఐదు నిమిషాలు. రసం అప్పటికే చిక్కబడి ఉంటే, ముందు గిన్నె అంచు వెంట రెండు టేబుల్‌స్పూన్ల మరిగే నీళ్లు పోయండి. లేకపోతే ఆవిరి రాదు, అడుగు మాడుతుంది.

కొండ ప్రాంతాల్లో ఉండేవాళ్లకు ఇంకొంత సమయం కావాలి. సముద్రమట్టానికి 1,500 మీటర్ల ఎత్తులో నీళ్లు 95 డిగ్రీల దగ్గరే మరుగుతాయి, ఆవిరి వేడి కూడా అంతే. అక్కడ మొదటి నుంచే ఇరవై నిమిషాలు లెక్కపెట్టుకోండి.

ముద్దలు గట్టిగా, సాగుతున్నట్టుగా ఉన్నాయి

ఒక ముద్దను చేత్తో విప్పి చూడండి. బాగా పొంగింది, లోపల రంధ్రాలున్నాయి, కానీ రబ్బరులా సాగుతోంది అంటే ఎక్కువ కలిపారు. పాలు పోశాక పన్నెండు పదిహేను సార్లు తిప్పితే చాలు. అక్కడక్కడ పొడిపిండి కనిపిస్తున్నా ఆపేయాలి, ఆ పొడిని ఆవిరే తడుపుతుంది. బ్రెడ్ చేసే పిండి వాడినా ఇలాగే సాగుతుంది.

చిన్నగా, బరువుగా, రంధ్రాలు లేకుండా ఉంటే బేకింగ్ పౌడర్ పాతబడింది. పావు కప్పు వేడినీళ్లలో అర టీస్పూను వేసి చూడండి. వెంటనే నురగ లేవాలి. నాలుగు బుడగలు వచ్చి ఆగిపోతే ఆ డబ్బా పారేయండి. పౌడర్ మంచిదే అయినా, పాలు కలిపిన పిండిని పక్కన పెట్టి పండ్లు మరిగేదాకా ఎదురుచూస్తే సగం శక్తి గిన్నెలోనే పోతుంది. రసం మరగడం మొదలయ్యాకే పాలు పోయాలి.

పొంగింది, కానీ పొడిపొడిగా, గొంతుకు అడ్డం పడుతోంది అంటే మైదా ఎక్కువైంది. కప్పును పిండి డబ్బాలో ముంచి తీస్తే 150 గ్రాములు కూడా పట్టవచ్చు. చెంచాతో కప్పులోకి వేసి పైన గీరితే 125, 130 గ్రాములు వస్తుంది. తూకం వేసుకుంటే ఈ గొడవే లేదు.

ముద్దలు విడిపోయి రసంలో కలిసిపోయాయి

పిండి జారుగా ఉంది. చెంచా వంచితే దానంతట అదే కారకూడదు, వేలితో తోస్తేనే ముద్దగా పడాలి. పాలన్నీ ఒక్కసారి పోయకుండా, చివరి రెండు టేబుల్‌స్పూన్లు పిండి చూసుకుని పోయండి. ముద్దలు వేశాక గరిటె పెట్టి కలిపినా ఇదే జరుగుతుంది. వేసిన తర్వాత కలపడం అనేదే లేదు.

ముద్దల్లో ఆకుపచ్చ, బూడిద రంగు మచ్చలు

చూడగానే బూజు అనుకుని పారేసేవాళ్లున్నారు, అక్కర్లేదు. బ్లూబెర్రీ తొక్కలో ఉండే ఆంథోసయనిన్ రంగు పులుపు తగిలితే ఎరుపు వైపు, క్షారం తగిలితే నీలం, ఆకుపచ్చల వైపు మారుతుంది. పిండిలో వంటసోడా ఎక్కువైనా, బేకింగ్ పౌడర్ ఉండలు కట్టి ఒకచోటే మిగిలినా, రసం తగిలిన ఆ చోట ఆకుపచ్చ మరక పడుతుంది. తింటే ఏమీ కాదు.

వచ్చేసారి పొడి దినుసులన్నీ జల్లించి కలపండి. పాలకు బదులు చిక్కటి పుల్ల మజ్జిగ వాడితే బేకింగ్ పౌడర్ ఒక టీస్పూనుకు తగ్గించి, సోడా పావు టీస్పూను వేయండి, అంతకు మించొద్దు. మామూలు పాలతో చేసేటప్పుడు సోడా అసలు వద్దు, దాన్ని విరిచే పులుపు పాలలో ఉండదు. సబ్బు రుచి వచ్చిందన్నా కారణం ఇదే.

సబ్బు కాక ఇనుము రుచి వస్తే, రసం నల్లబడితే, తప్పు గిన్నెది. పూత లేని అల్యూమినియం, సరిగా నూనె పట్టించని పోత ఇనుము పండ్ల పులుపుతో కలుస్తాయి. స్టీలు గాని, ఎనామెల్ పూత ఉన్న గిన్నె గాని వాడండి.

రసం నీళ్లలా ఉంది

వేడి మీద చూసి తొందరపడొద్దు. పండ్లలోని పెక్టిన్ వల్ల పదిహేను నిమిషాలు చల్లారేసరికి బాగా చిక్కబడుతుంది. అప్పటికీ పల్చగా ఉంటే ముద్దల్ని అట్లకాడతో పళ్లెంలోకి తీసి, రసాన్ని పెద్ద మంట మీద నాలుగు నిమిషాలు మరిగించి, ముద్దల చుట్టూ పోయండి.

ఫ్రీజర్‌లోని పండ్లు వాడినప్పుడు ఇది ఎక్కువ. వాటిని కరగనివ్వకుండా అలాగే వేసి, నీళ్లు 120 మి.లీ. బదులు 60 పోయండి, మరగడానికి ఐదారు నిమిషాలు ఎక్కువ పడుతుంది. కార్న్‌ఫ్లోర్ వేయాలనుకుంటే రెండు టీస్పూన్లు చన్నీళ్లలో కలిపి, ముద్దలు వేయకముందే పోసి ఒక నిమిషం మరగనివ్వాలి. నిజానికి అమెరికాలోని మెయిన్ రాష్ట్రంలోను, నోవా స్కోషియాలోను దొరికే చిన్న అడవి బ్లూబెర్రీలకు ఏ పిండీ అవసరం రాదు. తోటల్లో పెంచే పెద్దకాయలకు కావలసి రావచ్చు.

అడుగంటింది

పల్చటి గిన్నె లేదా ముద్దలు వేశాక తగ్గించని మంట. మూత దగ్గర చెవిపెడితే రసం మెల్లగా కుతకుతమనాలి. ఆ చప్పుడు చిటపటలుగా మారితే నీరు ఇంకిపోతోందని అర్థం, మంట తగ్గించండి. మాడిన వాసన వచ్చాక గరిటెతో అడుగు గీకొద్దు. పైనున్నదంతా మెల్లగా వేరే గిన్నెలోకి తీసుకుంటే మాడు కిందే ఉండిపోతుంది.

రసం పొంగి పొయ్యి మీద పడితే గిన్నె చిన్నదైంది. పండ్లు సగం లోతుకు మించి ఉండకూడదు.

పైన ఎర్రగా కాలలేదు

ఇది లోపం కాదు. ఆవిరి వేడి 100 డిగ్రీలు దాటదు, ఎర్రబడాలంటే 140 డిగ్రీలకు పైనే కావాలి. తెల్లగా, మెత్తగా ఉండటమే గ్రంట్ లక్షణం. ఎర్రగా కావాలనుకునేవాళ్లు ఓవెన్‌లో చేసే కాబ్లర్ వండుకోవడం మేలు. తెల్లదనం చప్పగా కనిపిస్తే, ఒక టేబుల్‌స్పూను పంచదారలో పావు టీస్పూను దాల్చినచెక్క పొడి కలిపి మూత తీయగానే చల్లండి.

వేరే పండ్లతో కుదరలేదు

బ్లాక్‌బెర్రీలకు కొలత మార్చనక్కర్లేదు. పీచ్ పండ్లయితే తొక్క తీసి ముక్కలు చేసి, నీళ్లు సగానికి తగ్గించండి. ఆపిల్ ముక్కలు ఆవిరికి మెత్తబడతాయని నమ్ముకోవద్దు. సెం.మీ. మందం ముక్కలైతే మూత పెట్టి పది పన్నెండు నిమిషాలు ముందే ఉడికించాలి, నీళ్లు 180 మి.లీ. కావాలి. పండులా వండుకునే కాడ రూబార్బ్ బాగా పులుపు. పంచదార 180 గ్రాముల దాకా పడుతుంది, నిమ్మరసం మానేయాలి.

మర్నాటికి ముద్దలు చితికిపోయాయి

గ్రంట్ నిలవ వంటకం కాదు, వేడివేడిగా మీగడ పోసుకుని ఆ పూటే తినాలి. మిగులుతుందని ముందే తెలిస్తే ముద్దల్ని రసం నుంచి తీసి విడిగా ఫ్రిజ్‌లో పెట్టండి. మర్నాడు రసాన్ని రెండు టేబుల్‌స్పూన్ల నీళ్లతో మరిగించి, ముద్దలు పైన పెట్టి, మూత వేసి నాలుగు నిమిషాలు ఉంచితే లోపలిదాకా వేడెక్కుతాయి.