అమెరికన్ న్యాయవాది జీవితచరిత్ర వ్యాసం రాయడం ఎలా: లైమన్ ట్రంబుల్ ఉదాహరణగా

విజయనగరం, శ్రీకాకుళం కళాశాలల్లో చరిత్ర, రాజనీతిశాస్త్రం చదివే విద్యార్థులను పందొమ్మిదో శతాబ్దపు అమెరికా నాయకుడొకరిపై వ్యాసం రాయమంటే చాలామంది లింకన్‌నే ఎంచుకుంటారు. ఆయనతోపాటే ఇల్లినాయ్ రాష్ట్రంలో వకీలుగా ఎదిగి, బానిసత్వ రద్దును రాజ్యాంగ వాక్యంగా మార్చడంలో ముఖ్యపాత్ర వహించిన లైమన్ ట్రంబుల్‌ను తీసుకోమని నా సలహా. ఆయన పదవులనూ పార్టీలనూ వరసగా పేర్చితే డెమొక్రాట్, రిపబ్లికన్, లిబరల్ రిపబ్లికన్, మళ్లీ డెమొక్రాట్ అంటూ నిలకడ లేని మనిషి కనిపిస్తాడు. ఆయన పట్టిన దావాల నుంచి, రాసిన బిల్లుల నుంచి కథ మొదలుపెడితే ఆ మార్పుల వెనుక ఉన్న న్యాయవాది కనిపిస్తాడు. వ్యాసానికి ఈ రెండో దారే మంచిది.

ముందుగా ఒక కాగితం మీద తేదీల పట్టిక వేసుకోండి. ట్రంబుల్ 1813లో కనెటికట్ రాష్ట్రంలో పుట్టి, కొంతకాలం జార్జియాలో బడిపంతులుగా పనిచేసి, ఇల్లినాయ్‌లోని బెల్‌విల్‌లో వకీలుగా స్థిరపడ్డారు. 1848 నుంచి 1853 వరకు ఆ రాష్ట్ర సుప్రీంకోర్టు న్యాయమూర్తిగా, 1855 నుంచి 1873 వరకు సెనేటర్‌గా ఉండి, 1896లో షికాగోలో మరణించారు. ఈ తేదీల పక్కన మన ఊరి తేదీలు కూడా రాసుకుంటే కాలం మనసులో నిలుస్తుంది. నల్లజాతివారు అమెరికా పౌరులు కాలేరని డ్రెడ్ స్కాట్ తీర్పు వెలువడిన 1857లోనే విజయనగరంలో మహారాజావారి పాఠశాల మొదలైంది. మనం గురజాడ జయంతిగా జరుపుకునే 1862 సెప్టెంబరు 21కి మర్నాడే లింకన్ బానిస విమోచన తొలి ప్రకటన చేశారు.

తరువాత ఆనాటి వ్యవస్థను సరిగా అర్థం చేసుకోవాలి. అప్పట్లో సెనేటర్లను ప్రజలు నేరుగా కాక, రాజ్యసభ సభ్యులను మన ఎమ్మెల్యేలు ఎన్నుకున్నట్టుగా, రాష్ట్ర శాసనసభ్యులు ఎన్నుకునేవారు. ఇది తెలియకపోతే 1855 ఫిబ్రవరి నాటి ఎన్నిక బోధపడదు. మొదటి విడతలో ట్రంబుల్‌కు వచ్చినవి 5 ఓట్లే, లింకన్ ఆయనకంటే ఎంతో ముందున్నారు. అయినా బానిసత్వ విస్తరణను వ్యతిరేకించని అభ్యర్థి గెలిచే ప్రమాదం కనిపించగానే లింకన్ తనవారిని ట్రంబుల్ వైపు మళ్లించగా, పదో విడతలో ఆయన 51 ఓట్లతో నెగ్గారు. లింకన్ భార్య మేరీ పెళ్లిలో తోడుపెళ్లికూతురిగా నిలిచిన జూలియాయే ట్రంబుల్ భార్య. ఈ ఎన్నికతో మేరీ, జూలియాల స్నేహం తెగిపోయింది. ఈ ఘట్టానికి ఒక పేరా చాలు.

ఎక్కువ స్థలం ఇవ్వవలసింది 1845లో ఇల్లినాయ్ సుప్రీంకోర్టు తేల్చిన జారట్ దావాకు. జోసెఫ్ జారట్ అనే నల్లజాతి వ్యక్తి తాను చేసిన పనికి కూలి ఇప్పించమంటూ, తనను బానిసగా ఉంచుకున్న జూలియా జారట్‌పై దావా వేశాడు. కింది కోర్టులో ఓడిపోయాడు. ఇల్లినాయ్‌తో సహా ఒహాయో నదికి వాయవ్యంగా ఉన్న ప్రాంతంలో బానిసత్వాన్ని నిషేధించిన 1787 నాటి శాసనం, అంతకుముందే అక్కడ స్థిరపడిన ఫ్రెంచి కుటుంబాల బానిసలకు వర్తించదన్న నమ్మకం అప్పట్లో బలంగా ఉండేది. అప్పీలులో జోసెఫ్ పక్షాన ట్రంబుల్ వాదించగా, ఆ శాసనం తరువాత పుట్టిన వారిని బానిసలుగా ఉంచుకునే హక్కు ఎవరికీ లేదని కోర్టు తీర్పు చెప్పింది. కూలి బాకీ దావా మనిషి స్వేచ్ఛను ఎలా తేల్చిందో స్పష్టంగా రాయలేకపోతే, విజయనగరం కోర్టులో ప్రాక్టీసు చేసే వకీలుగారినెవరినైనా అడిగి, దావాకు మూలమైన హక్కు అంటే ఏమిటో చెప్పించుకోండి.

ఇప్పుడు ఆ 1787 శాసనాన్నీ పదమూడో రాజ్యాంగ సవరణనూ పక్కపక్కన పెట్టి చదవండి. 1864లో సెనేట్ న్యాయవ్యవహారాల కమిటీ అధ్యక్షుడిగా ట్రంబుల్ ఆ సవరణను సభ ముందు పెట్టినప్పుడు, చట్టం ముందు అందరూ సమానులన్న పెద్ద మాట చేర్చాలని సెనేటర్ చార్లెస్ సమ్నర్ పట్టుబట్టినా, కమిటీ పాత శాసనపు భాషనే ఎంచుకుంది. న్యాయస్థానాలకు ముందే పరిచయమైన మాటలవి. జోసెఫ్ దావా నడిపిన వకీలుకు ఆ శాసనం బలం ఎంతో అనుభవంలో తెలుసు. వ్యాసానికి వెన్నెముక ఈ బంధమే కావాలి. సవరణ 1865 డిసెంబరులో ఆమోదం పొందింది. ఆ హక్కులకు ఆచరణరూపం ఇవ్వడానికి ట్రంబుల్ తెచ్చిన పౌరహక్కుల బిల్లును అధ్యక్షుడు ఆండ్రూ జాన్సన్ వీటో చేసినా, 1866 ఏప్రిల్ 9న కాంగ్రెస్ ఆ వీటోను తోసిపుచ్చి చట్టం చేసింది.

ఆ జాన్సన్‌నే 1868 అభిశంసన విచారణలో ట్రంబుల్ నిర్దోషి అన్నారు. దోషి అని 35, నిర్దోషి అని 19గా ఓట్లు చీలి, పదవి నుంచి తొలగించడానికి కావలసిన మూడింట రెండు వంతులకు ఒక్క ఓటు తక్కువైంది. ఆయనతో కలిపి ఏడుగురు రిపబ్లికన్లు సొంత పార్టీకి ఎదురు నిలిచారు. ఇక్కడ విద్యార్థి తొందరపడి త్యాగమనో ద్రోహమనో రాయకూడదు. అభియోగపత్రంలో ఏముంది, చట్టప్రకారం ఏది రుజువైంది అన్న ప్రశ్నలను ముందు పెట్టాలి. ఆయన పరిమితులను కూడా దాచవద్దు. 1866 చట్టంలో ఓటు హక్కు లేదు. దక్షిణాది రాష్ట్రాల్లో నల్లజాతివారిపై దాడులను అణచడానికి 1871లో తెచ్చిన కూ క్లక్స్ క్లాన్ చట్టాన్ని, రాష్ట్రాల అధికారంలో కేంద్రం జోక్యం మితిమీరుతోందంటూ ఆయన వ్యతిరేకించారు. స్వేచ్ఛను రాసిన చేయి రక్షణ దగ్గర వెనక్కి తగ్గిందని నా అభిప్రాయం. మీ అభిప్రాయం వేరైతే ఆధారం చూపి రాయండి.

సెనేట్ విడిచిన తరువాతి సంవత్సరాలను, 1880లో గవర్నరు పదవికి పోటీ చేసి ఓడిపోవడంతో సహా, క్లుప్తంగా దాటించి 1895కు రండి. రైల్వే కార్మికుల సమ్మెలో కోర్టు ఉత్తర్వును ధిక్కరించినందుకు శిక్షపడిన కార్మిక నాయకుడు యూజిన్ డెబ్స్ తరఫున, 81 ఏళ్ల వయసులో, మరో వకీలు క్లారెన్స్ డారోతో కలిసి ఆయన అమెరికా సుప్రీంకోర్టుకు వెళ్లారు. ఆ కేసు ఓడిపోయారు. ఈ భాగం రాసేటప్పుడు జారట్ దావా పేరాను మరొకసారి చదివి, రెండు కేసుల్లోనూ కక్షిదారు ఎవరు, ఎదుటివారు ఎవరు, కోర్టును అడిగింది ఏమిటి అన్న మూడు విషయాలూ వ్యాసంలో ఒకే స్పష్టతతో ఉన్నాయో లేదో సరిచూసుకోండి.