స్టీరింగ్ వీల్, ఎయిర్‌బ్యాగ్ విప్పేటప్పుడు వచ్చే సమస్యలు: కారణాలు, పరిష్కారాలు

స్టీరింగ్ వీల్‌ను కారుకు పట్టి ఉంచేది ఒకే ఒక్క నట్టు లేదా బోల్టు. దాన్ని విప్పడం పెద్ద పని కాదు. అయితే ఆ నట్టు కనిపించాలంటే ముందు ఎయిర్‌బ్యాగ్‌ను తీయాలి, తీసిన తరువాత దాని వెనకనున్న క్లాక్ స్ప్రింగ్ (వీల్‌లోకి విద్యుత్తును చేరవేసే కేబుల్ చుట్ట) కదలకుండా కాపాడాలి. ఇంట్లో ఈ పనికి పూనుకున్నవారికి ఎదురయ్యే ఇబ్బందుల్లో అధిక భాగం ఈ రెండింటి దగ్గరే పుడతాయి.

ఎయిర్‌బ్యాగ్ అంటే మడతపెట్టిన సంచి మాత్రమే కాదు. దాని వెనక ఇన్‌ఫ్లేటర్ అనే లోహపు డబ్బా, అందులో వాయువును పుట్టించే రసాయనం, దాన్ని రగిలించే చిన్న ఇగ్నైటర్ ఉంటాయి. ఇగ్నైటర్‌కు స్వల్పమైన కరెంటు అందితే చాలు, రెప్ప వాల్చి ఎత్తే లోపే సంచి పూర్తిగా నిండి, గాలి వదలడం కూడా మొదలుపెడుతుంది. దాని ఎదుట ముఖమో చెయ్యో ఉంటే తప్పించుకునే వ్యవధి ఉండదు. కింద చెప్పిన ప్రతి జాగ్రత్తకూ మూలం ఇదే.

ఎయిర్‌బ్యాగ్ దీపం వెలుగుతోంది: వీల్ విప్పవలసిందేనా?

చాలామంది డ్యాష్‌బోర్డు మీది ఈ దీపాన్ని చూడగానే స్టీరింగ్ విప్పడానికి సిద్ధపడతారు. నిజానికి ఇదే దీపం ముందు సీట్ల కింద ఉండే పసుపు రంగు కనెక్టరు వదులైనా వెలుగుతుంది, సీటు బెల్టు బకిల్‌లో లోపమున్నా వెలుగుతుంది, కొన్ని కార్లలో బ్యాటరీ బాగా నీరసించినా వెలుగుతుంది. సీట్లను ముందుకూ వెనక్కూ జరిపిన తరువాత దీపం వచ్చిందంటే ముందుగా అనుమానించవలసింది సీటు కింది తీగలనే.

లోపం స్టీరింగ్‌లోనే ఉందనడానికి బలమైన గుర్తు ఏమిటంటే, దీపంతో పాటు హారన్ మోగకపోవడం, వీల్ మీది ఆడియో లేదా క్రూయిజ్ బటన్లు పనిచేయకపోవడం, తిప్పినప్పుడు లోపల కాగితం రాసుకున్నట్టు గరగర శబ్దం రావడం. ఇవి రెండు మూడు కలిసి కనిపిస్తే కారణం దాదాపుగా క్లాక్ స్ప్రింగే. తిరిగే వీల్‌కూ, దాన్ని మోసే తిరగని స్టీరింగ్ కాలమ్‌కూ మధ్య విద్యుత్తును చేరవేసే చుట్టలాంటి సన్నని రిబ్బన్ కేబుల్ అది, ఏళ్ళ తరబడి చుట్టుకుంటూ విడిపోతూ చివరికి ఎక్కడో ఒకచోట తెగుతుంది. హారన్ ఒక్కటే మోగకపోతే మాత్రం ముందు ఫ్యూజును, రిలేను చూడండి.

ఏ పార్టు విప్పకముందే ఎయిర్‌బ్యాగ్ కోడ్లను, అంటే కారు నమోదు చేసుకున్న లోపాల గుర్తులను, చదవగల స్కానర్‌తో పరీక్షించడం మంచిది. ఇంజిన్ కోడ్లను మాత్రమే చదివే చవక పరికరాలు ఇందుకు పనికిరావు. మల్టీమీటర్‌తో ఎయిర్‌బ్యాగ్ రెసిస్టెన్స్ కొలవాలన్న ఆలోచనే వద్దు, ఎందుకంటే మీటరు తన కొలత కోసం పంపే కరెంటు నేరుగా ఇగ్నైటర్‌లోకే వెళుతుంది. మెకానిక్కులు కూడా ఎయిర్‌బ్యాగ్‌ను పక్కకు తీసి, దాని స్థానంలో అంతే విలువ గల రెసిస్టర్‌ను పెట్టి, మిగతా సర్క్యూట్‌ను పరీక్షిస్తారు.

మీ కారు ఎయిర్‌బ్యాగ్ రీకాల్ జాబితాలో ఉందేమో కూడా ఛాసిస్ నంబరుతో ముందే చూసుకోండి. టకాటా సంస్థ తయారుచేసిన ఇన్‌ఫ్లేటర్లలో వాడిన అమ్మోనియం నైట్రేట్ ఏళ్ళ తరబడి వేడికీ తేమకూ గురై స్థిరత్వాన్ని కోల్పోవడం, అవి పేలినప్పుడు లోహపు డబ్బా ముక్కలై ఎగరడం వల్ల అనేక దేశాల్లో ప్రాణాలు పోయాయి. 2017లో ఆ సంస్థ దివాలా రక్షణ కోరింది. రీకాల్ కిందకు వచ్చిన ఎయిర్‌బ్యాగ్‌ను, వరద నీటిలో మునిగిన కారు ఎయిర్‌బ్యాగ్‌ను ఇంట్లో ముట్టుకోకూడదన్నది నా గట్టి అభిప్రాయం. రీకాల్ అయినదాన్ని తయారీదారులు ఉచితంగానే మారుస్తారు.

బ్యాటరీ తీసేసినా ప్రమాదం ఎందుకు తొలగదు?

ప్రమాదంలో బ్యాటరీ నలిగిపోయినా ఎయిర్‌బ్యాగ్ తెరుచుకోవాలి. అందుకే కంట్రోల్ యూనిట్‌లో కెపాసిటర్లు ఉంటాయి, అవి బ్యాటరీ తెగిన తరువాత కూడా కొంతసేపు ఎయిర్‌బ్యాగ్‌ను పేల్చగలిగినంత విద్యుత్తును నిల్వ ఉంచుకుంటాయి. టెర్మినల్ తీసిన వెంటనే పని మొదలుపెట్టేవారు చేస్తున్న పొరపాటు ఇదే.

చక్రాలను తిన్నగా ఉంచి, వాహనాన్ని పూర్తిగా ఆఫ్ చేసి, బ్యాటరీ నెగెటివ్ టెర్మినల్‌ను విప్పి, అది తిరిగి తగలకుండా గుడ్డ చుట్టి పక్కకు కట్టండి. ఆ తరువాత ఆగండి. ఎంతసేపు ఆగాలన్నది కంపెనీని బట్టి మారుతుంది: చాలా టయోటా మోడళ్ళ సర్వీస్ మాన్యువళ్ళు కనీసం 90 సెకన్లు అంటాయి, హోండా మాన్యువళ్ళు 3 నిమిషాలు అంటాయి, ఇంకా ఎక్కువ చెప్పేవీ ఉన్నాయి. మీ కారు మాన్యువల్ చేతిలో లేనప్పుడు అరగంట ఆగితే పోయేదేమీ లేదు.

ఇక్కడ రెండు విషయాలు తరచుగా మరుగున పడతాయి. రేడియో సెట్టింగులు పోకుండా ఉండేందుకు కొందరు వాడే మెమరీ సేవర్ పరికరం బ్యాటరీ తీసినా కారులో కరెంటును నిలిపే ఉంచుతుంది, కాబట్టి ఈ పనిలో దాన్ని అసలు తగిలించకూడదు. అలాగే కొన్ని కార్లలో రెండు 12 వోల్టుల బ్యాటరీలు ఉంటాయి, రెండో దాన్ని డిక్కీలోనో సీటు కిందో అమర్చుతారు. హైబ్రిడ్, ఎలక్ట్రిక్ కార్లలో సైతం చూడవలసింది ఈ 12 వోల్టుల సరఫరానే, అందుకే కారు రెడీ స్థితిలో, అంటే నడవడానికి సిద్ధంగా ఆన్ అయి, లేదని నిర్ధారించుకున్నాకే దాన్ని విప్పాలి.

ఎయిర్‌బ్యాగ్ ఊడిరావడం లేదు

కారణం సాధారణంగా ఒకటే: అది ఎలా బిగించి ఉందో తెలియకుండా లాగుతున్నారు. కొన్ని కార్లలో వీల్ వెనకవైపు లేదా పక్కల మూతల కింద టోర్క్స్ (తలలో నక్షత్రాకారపు గుంట గల) స్క్రూలు ఉంటాయి. మరికొన్నింటిలో స్క్రూలే ఉండవు, వీల్ వెనకనున్న చిన్న రంధ్రాల్లోంచి మొద్దు మొనగల కడ్డీతో లోపలి స్ప్రింగ్ క్లిప్పును నొక్కితే ఒక్కో పక్కా టక్కుమని విడివడుతుంది. స్టీరింగ్ కాలమ్‌ను పూర్తిగా కిందికి దించి బయటికి లాగితే ఈ రంధ్రాలు సులువుగా అందుతాయి. నొక్కుతున్నంతసేపూ పక్కకు ఒరిగి కూర్చోండి, ముఖాన్ని వీల్ ఎదుటికి తీసుకురాకండి.

ముందువైపు నుంచి కవరు అంచున స్క్రూడ్రైవర్ దూర్చి పెకలించడం ఎంతమాత్రం సరికాదు. సంచి బయటికి రావడానికి ఆ కవరు లోపలివైపు కావాలనే పలచగా చేసిన గీతలు ఉంటాయి, అక్కడ పగులు వస్తే ప్రమాద సమయంలో కవరు తెరుచుకునే తీరే మారిపోతుంది.

ఎయిర్‌బ్యాగ్ వదులయ్యాక కాస్త ముందుకు తెచ్చి వెనకనున్న కనెక్టరు చూడండి. అది సాధారణంగా పసుపు రంగులో ఉంటుంది, రెండు దశల్లో తెరుచుకునే ఎయిర్‌బ్యాగులకు రెండు కనెక్టర్లు ఉంటాయి. కనెక్టరు రావడం లేదంటే మధ్యనున్న లాకు పైకి లేవలేదని అర్థం. సన్నని స్క్రూడ్రైవర్‌తో ముందు దాన్ని పైకి లేపి, ఆ తరువాత కనెక్టరు ఒంటిని పట్టుకుని లాగాలి, తీగలను పట్టుకుని కాదు. దాన్ని ముట్టుకునే ముందు కారు లోహభాగాన్ని చేత్తో తాకితే ఒంట్లోని స్థిర విద్యుత్తు దిగిపోతుంది.

విప్పిన ఎయిర్‌బ్యాగ్‌ను మోసేటప్పుడు దాని ముఖం మీ ఒంటికి దూరంగా, బయటివైపుకు ఉండాలి. కింద పెట్టేటప్పుడు ముఖం పైకి ఉండాలి, దాని మీద మరే వస్తువూ ఉండకూడదు. బోర్లా పెట్టినది ఒకవేళ పేలితే సంచి నేలను తన్ని, లోహపు డబ్బాతో సహా మొత్తం మాడ్యూల్ గాల్లోకి లేస్తుంది. ఎండ తగలని, పిల్లలకు అందని, వెల్డింగు, గ్రైండింగు జరగని గదిలో ఉంచి తలుపు వేయండి. నూనె, నీళ్ళు, సబ్బు తగలనివ్వకండి.

నట్టు విప్పినా వీల్ కదలడం లేదు

వీల్ మధ్యభాగం షాఫ్టు మీది పళ్ళలో, అంటే స్ప్లైన్‌లో, బిగుసుకుని కూర్చుంటుంది. కొంత తుప్పు కూడా చేరితే చేతితో లాగినంత మాత్రాన రాదు. నట్టు వదులు చేసేటప్పుడు ఒక చేత్తో వీల్‌ను గట్టిగా పట్టుకోండి. స్టీరింగ్ లాకు మీద ఆ బలమంతా మోపితే లాకు విరుగుతుంది. నట్టును పూర్తిగా తీసేయకుండా నాలుగైదు చుట్లు మిగల్చండి. అలా ఉంచితే వీల్ ఒక్కసారిగా ఊడినా ముఖానికి తగలదు.

రెండు చేతులతో అటూ ఇటూ ఊపుతూ లాగినా రాకపోతే స్టీరింగ్ పుల్లర్ వాడాలి. వీల్ మధ్యలో పుల్లర్ బోల్టుల కోసమే మరలు వేసిన రెండు రంధ్రాలు చాలా కార్లలో ఉంటాయి. వాటిలోకి బోల్టులను మితిమీరి లోపలికి తిప్పితే వాటి మొనలు సరిగ్గా వెనకనే ఉన్న క్లాక్ స్ప్రింగ్‌లో గుచ్చుకుంటాయి, కాబట్టి నాలుగైదు చుట్లు పట్టాక ఆపండి. షాఫ్టు మీద సుత్తితో కొట్టకండి. ఢీకొన్నప్పుడు డ్రైవర్ ఛాతీకి దెబ్బ తగలకుండా లోపలికి కుదించుకుపోయేలా కాలమ్‌ను తయారుచేస్తారు, సుత్తి దెబ్బలకు అందులోని పిన్నులు, బేరింగులు పాడవుతాయి.

వీల్ తీసే ముందు షాఫ్టుకూ వీల్‌కూ కలిసేలా పెయింటుతో ఒక గీత గీయండి. క్షణం పట్టే ఈ పని తరువాత గంటల పనిని తప్పిస్తుంది.

క్లాక్ స్ప్రింగ్ చేతిలో తిరిగిపోయింది

ఇది అందరికీ ఒకసారైనా జరిగే పొరపాటు. వీల్ తీశాక క్లాక్ స్ప్రింగ్‌ను పట్టి ఉంచేది ఏదీ ఉండదు, అందుకే వెంటనే టేపు వేసి కదలకుండా అతికించాలి. అది తిరిగిందని అనుమానం ఉన్నా అలాగే బిగించకూడదు. నడిమి స్థానం తప్పిన కేబుల్ ఒకవైపు పూర్తిగా తిప్పగానే బిగుసుకుని తెగుతుంది, అది మలుపులో జరిగితే ఎయిర్‌బ్యాగ్ పనిచేయదన్న సంగతి దీపం వెలిగేదాకా మీకు తెలియదు.

సరిచేయడానికి ముందు చక్రాలు తిన్నగా ఉన్నాయని చూసుకోండి. క్లాక్ స్ప్రింగ్‌ను ఒకవైపుకు నెమ్మదిగా, అడ్డు తగిలేవరకు మాత్రమే తిప్పండి. అక్కడి నుంచి రెండోవైపు చివరి వరకు ఎన్ని చుట్లు వస్తాయో లెక్కపెట్టండి. ఎక్కువ కార్లలో అవి సుమారు అయిదు. అందులో సగం వెనక్కు తిప్పితే నడిమికి వస్తుంది, అక్కడ పైనున్న బాణం గుర్తులు ఒకదానికొకటి ఎదురుగా నిలుస్తాయి. కొత్తది కొంటే తయారీదారే నడిమిలో పిన్నుతో బంధించి పంపుతాడు, బిగించిన తరువాతే ఆ పిన్ను తీయాలి.

తిరిగి బిగించాక కనిపించే లోపాలు

కారు తిన్నగా పోతున్నా వీల్ పక్కకు వాలి ఉంటే ముందు అది ఎన్ని డిగ్రీలో చూడండి. స్ప్లైన్‌లో 36 పళ్ళుంటే ఒక పన్ను తేడా 10 డిగ్రీలు అవుతుంది. వాలు ఆ మేరకు ఉంటే వీల్ ఒక పన్ను పక్కకు కూర్చుందని అర్థం, విప్పి గీత కలిసేలా పెట్టాలి. అంతకంటే బాగా తక్కువైతే అది వీల్ అలైన్‌మెంటులోని తేడా, దాన్ని స్టీరింగ్ విప్పి సరిచేయలేరు.

మలుపు తిరిగాక ఇండికేటర్ దానంతట అది ఆగకపోతే, క్లాక్ స్ప్రింగ్ మీది పొడుచుకొచ్చిన కొనలు వీల్ వెనక గుంటల్లో కూర్చోలేదు. హారన్ ఆగకుండా మోగుతుంటే ఎయిర్‌బ్యాగ్ ఒకపక్క సరిగా కూర్చోలేదు, లేదా హారన్ తీగ దాని కింద నలిగింది. వీల్ నట్టును టార్క్ రెంచ్‌తోనే (బిగింపు బలాన్ని కొలిచే పానాతోనే) బిగించాలి. చాలా కార్లలో అది 40 నుంచి 50 న్యూటన్ మీటర్ల దగ్గర ఉంటుంది, మీ కారు మాన్యువల్‌లో ఉన్న అంకెదే తుది మాట. కొన్ని కంపెనీలు పాత నట్టు లేదా బోల్టును మళ్ళీ వాడవద్దంటాయి, అది పాటించవలసిన సూచన.

ఎయిర్‌బ్యాగ్ కనెక్టరు టక్కుమనేలా తగిలించి, లాకును కిందికి నొక్కి, మాడ్యూల్‌ను బిగించిన తరువాతే బ్యాటరీ కలపాలి. ఆ సమయంలో కారులో ఎవరూ ఉండకూడదు. తరువాత వీల్ ఎదుట కూర్చోకుండా, పక్క నుంచి చెయ్యి చాచి ఇగ్నిషన్ ఆన్ చేయండి. దీపం కొన్ని సెకన్లు వెలిగి ఆరిపోవాలి. ఆరకపోతే మళ్ళీ బ్యాటరీ తీసి, ఆగవలసినంతసేపు ఆగి, కనెక్టరు లాకును చూడండి. చాలాసార్లు అది సగమే దిగి ఉంటుంది. ఎయిర్‌బ్యాగ్ తీసి ఉన్నప్పుడు ఎవరైనా ఇగ్నిషన్ ఆన్ చేసి ఉంటే కోడు నిల్వ అయి ఉంటుంది, చాలా కార్లలో అది స్కానర్‌తో చెరిపితే గానీ పోదు. దీపం వెలుగుతున్నంతకాలం ఎయిర్‌బ్యాగ్ తెరుచుకుంటుందన్న భరోసా లేదు, ఆ స్థితిలో కారును రోజూ నడపకండి.

ఈఎస్పీ (కారు అదుపు తప్పి జారకుండా కాపాడే వ్యవస్థ) దీపం వెలిగితే స్టీరింగ్ కోణాన్ని కొలిచే సెన్సార్ తన సున్నా స్థానాన్ని మరచింది. కొన్ని కార్లలో వీల్‌ను ఈ చివర నుంచి ఆ చివరికి తిప్పి కొంతదూరం తిన్నగా నడిపితే అది సర్దుకుంటుంది, మిగతావాటిలో స్కానర్‌తో కాలిబ్రేట్ చేయాలి.

ఎయిర్‌బ్యాగ్‌నే మార్చినట్లయితే, పేలని పాతదాన్ని పాత ఇనుము వాళ్ళకు వేయకండి, చెత్తలో పడేయకండి, కాల్చకండి. అది ఎన్నేళ్ళయినా పేలగలదు. కంపెనీ సర్వీస్ సెంటర్‌కు అప్పగిస్తే దాన్ని పద్ధతి ప్రకారం పేల్చి నిర్వీర్యం చేస్తారు.