తాతగారి పడక కుర్చీకి లక్క పాలిష్

మా కావలిలో అక్టోబరు వచ్చిందంటే లక్క పాలిష్ జోలికి వెళ్లకండి. ఈశాన్య రుతుపవనాల తేమకు పూత పాలు ఒలికినట్టు తెల్లబడుతుంది. తాతగారి టేకు పడక కుర్చీని అలాగే పాడుచేసి, మార్చిలో మళ్లీ మొదలుపెట్టాను.

ముందు 120 నంబరు గరుకు కాగితంతో, తర్వాత 220తో, చెక్క చారల వెంటే రుద్దండి. అడ్డంగా రుద్దితే ఆ గీతలన్నీ పాలిష్ కింద బయటపడతాయి. దుమ్ము తుడిచి, పాత నూలు పంచె ముక్కలో దూది చుట్టి, స్పిరిట్‌లో కరిగించిన లక్కలో ముంచి పలచగా పూయండి. చేయి ఆగకూడదు, ఆగిన చోట గుడ్డ అతుక్కుని మచ్చ పడుతుంది. ఆరేడు పూతలు, ఒకటి ఆరాకే ఇంకొకటి. కిటికీలు తెరవండి, దగ్గర్లో పొయ్యి వెలిగించకండి.

వేడి టీ గ్లాసు పెడితే తెల్లటి వలయం ఖాయం. మా బావగారు ఇప్పటికే ఒకటి వేశారు.